టీవీలో చరిత్ర చెప్పాలనుకుంటున్న కందుకూరు అమ్మాయికి

అమ్మా, నీ ప్రశ్న చదివాను. ఎం.ఏ. హిస్టరీ అయిపోయింది, కోటల ముందు, గుళ్ల ముందు నిలబడి టీవీలో చరిత్ర చెప్పేవాళ్లలా కావాలని ఉంది, ఇంట్లో మాత్రం బీఈడీ చెయ్యి లేదా గ్రూప్స్ రాయి అంటున్నారు. ఇది బతుకుతెరువు అవుతుందా, పీహెచ్‌డీ ఉండాలా, ఎక్కడ మొదలుపెట్టాలి అని అడిగావు. నేను కావలి వైపు డిగ్రీ కాలేజీలో చరిత్ర చెప్పి రిటైరయ్యాను. పాఠాలు చెబుతూనే టీవీ కార్యక్రమాలకు రీసెర్చ్ చేసిపెట్టాను, స్క్రిప్టులు రాశాను, కెమెరా ముందు మాట్లాడాను. నా స్టూడెంట్ల వయసుదానివి కాబట్టి చనువుగా నువ్వు అంటున్నాను.

ముందు డబ్బు సంగతి చెప్పేస్తాను, మీ నాన్నగారికి తెలియాల్సింది అదే. తెలుగు ఛానెళ్లలో రిపోర్టరు ఉంటారు, యాంకరు ఉంటారు, స్క్రిప్ట్ రైటరు, ప్రొడ్యూసరు ఉంటారు. చరిత్రకారుడు అనే పోస్టు మాత్రం ఉండదు. చరిత్ర తెలిసినవాళ్లను ఎపిసోడ్‌కు ఇంత అని మాట్లాడుకుంటారు. చాలాసార్లు ఇంటికొచ్చి కెమెరా ముందు నాలుగు మాటలు చెప్పించుకుని (దాన్నే బైట్ అంటారు), థాంక్స్ చెప్పి వెళ్లిపోతారు, అంతే. సిరీస్ దొరికితే కొన్ని నెలలు చేతినిండా పని, అయిపోయాక మళ్లీ ఖాళీ. అందుకని నెలనెలా జీతం వచ్చే పని ఒకటి పక్కన ఉండి తీరాలి. డిగ్రీ కాలేజీ ఉద్యోగానికి నెట్ లేదా సెట్ అనే అర్హత పరీక్ష పాసైతే చాలు, పీహెచ్‌డీ తప్పనిసరి కాదని యూజీసీ 2023 జూలైలో చెప్పింది. నెట్‌లో జేఆర్ఎఫ్ అనే పరిశోధన ఫెలోషిప్ తెచ్చుకుని పీహెచ్‌డీలో చేరితే మొదటి రెండేళ్లు నెలకు 37,000 రూపాయలు వస్తాయి. ఆ ఫెలోషిప్ మీద ఊళ్లు తిరుగుతూ శాసనాలు చదువుకోవచ్చు, ఇంట్లో ఎవరినీ చెయ్యి చాచి అడగక్కర్లేదు.

పీహెచ్‌డీ లేకపోతే టీవీలో పనికిరారా? వస్తారు. ఇంగ్లండులో మైకేల్ వుడ్ ఆక్స్‌ఫర్డ్‌లో ఆంగ్లో-సాక్సన్ చరిత్ర మీద పరిశోధన మొదలుపెట్టి, దాన్ని వదిలేసి టీవీ జర్నలిస్టు అయ్యాడు. 1979లో బీబీసీలో తొలి సిరీస్ చేశాడు. గ్రీసు, ఇండియా, చైనా అన్నీ తిరిగి చూపించాక, 2013లో మాంచెస్టర్ యూనివర్సిటీ ఆయన్ని పబ్లిక్ హిస్టరీ ప్రొఫెసర్‌గా తీసుకుంది. మేరీ బియర్డ్‌ది సరిగ్గా వ్యతిరేక దారి. కేంబ్రిడ్జ్‌లో దశాబ్దాలు రోమన్ చరిత్ర పాఠాలు చెప్పి, 2010లో 55 ఏళ్ల వయసులో పాంపే నగరం మీద కార్యక్రమం చేశాకే ఇంటింటికీ తెలిసింది. ఇద్దరి దారులూ వేరు, ఇద్దరికీ ఉన్నది మాత్రం ఒకటే: మూలాలను సొంతంగా చదవగలరు. మధ్యయుగపు రాతప్రతిని ఆయన విప్పి చదువుతాడు, సమాధి రాయి మీది లాటిన్‌ను ఆవిడ కెమెరా ముందే చదివి అర్థం చెబుతుంది. వాళ్ల మాటకు చూసేవాళ్లు విలువ ఇచ్చేది ఇందుకే. నువ్వు సంపాదించుకోవాల్సింది కూడా ఇదే. మంచి గొంతు, భయం లేకుండా మాట్లాడటం, చక్కటి తెలుగు, ఇవన్నీ కావాలి. అయితే అవి మంచి యాంకరుకు కూడా ఉంటాయి. యాంకరుకు లేనిదేదో నీ దగ్గర ఉంటేనే ఛానెల్‌కు నీతో పని పడుతుంది.

అదేమిటో మీ ఊరి ఉదాహరణతోనే చెబుతాను. అద్దంకి శాసనం నీకు తెలిసే ఉంటుంది. తూర్పు చాళుక్య రాజు గుణగ విజయాదిత్యుడి సేనాని పండరంగడు వేయించినది. తెలుగులో పద్యం ఉన్న తొలి శాసనమని, క్రీ.శ. 848 నాటిదని పోటీ పరీక్షల పుస్తకాలన్నింటిలో ఉంటుంది. ఆ పద్యంలో పన్నెండు బోయకొట్టాలు, అంటే బోయల స్థావరాలు, గెలిచిన సంగతి ఉంది, మీ కందుకూరు పేరూ ఉంది. టీవీలో ఈ శాసనం గురించి చెప్పాల్సి వస్తే మామూలుగా ఏం చేస్తారు? రాయిని ఓసారి చూపించి, "క్రీస్తుశకం 848వ సంవత్సరంలో" అని గంభీరంగా మొదలుపెడతారు. నిజానికి ఆ రాయి మీద 848 అని గానీ, శక సంవత్సరం గానీ లేదు. "పట్టంబు గట్టిన ప్రథమంబు నేణ్డు" అని మాత్రమే ఉంది. అంటే రాజుకు పట్టం కట్టిన మొదటి ఏడు.

మరి 848 ఎక్కడి నుంచి వచ్చింది? తూర్పు చాళుక్యుల రాగిరేకు శాసనాల్లో ఒక అలవాటు ఉంది. వంశానికి మొదటివాడైన కుబ్జ విష్ణువర్ధనుడి నుంచి ఎవరు ఎన్నేళ్లు ఏలారో వరసగా చెప్పుకొస్తారు. గుణగ విజయాదిత్యుడు 44 ఏళ్లు ఏలాడని అందులోనే ఉంటుంది. తేదీ కచ్చితంగా తెలిసిన ఒకటి రెండు చోట్లను ఆధారం చేసుకుని ఆ లెక్కలన్నీ ముందుకూ వెనక్కూ కూడితే ఆయన పట్టాభిషేకం 848 ప్రాంతానికి వస్తుంది. రేకుకూ రేకుకూ ఒకటి రెండేళ్లు తేడా పడుతుంది కాబట్టి కొందరు 849 అంటారు.

ఇప్పుడు ఆలోచించు. నువ్వు ఆ రాయి పక్కన నిలబడి, "ఈ రాయి మీద సంవత్సరం లేదు. అయినా మనం ఇది 848 నాటిదని చెప్పగలుగుతున్నాం. ఎలాగో చూద్దాం రండి" అన్నావనుకో. రైస్‌మిల్లు నుంచి ఇంటికొచ్చి భోజనం చేస్తున్నాయన కూడా ముద్ద ఆపి చూస్తాడు. సంవత్సరం చెబితే వినేసి మర్చిపోతారు. దాన్ని ఎలా కనుక్కున్నారో చెబితే, కనుక్కునే పనిలో వాళ్లూ నీతో పాటు ఉంటారు. తెలుగు టీవీ చరిత్ర కార్యక్రమాల్లో నాకు కనిపించే పెద్ద కొరత ఇదే. మన ప్రేక్షకులకు ఓపిక లేదని, డ్రామా లేకపోతే ఛానెల్ మార్చేస్తారని నిర్మాతలు అంటుంటారు. నేను దాన్ని ఒప్పుకోను. మన జిల్లాల్లో రాత్రంతా కూర్చుని హరికథ విన్నవాళ్లు, పద్యనాటకాలు చూసినవాళ్లు ఉన్నారు. వాళ్లకు విషయాన్ని విప్పి చెబితే చాలు.

ఇంకో సంగతి, ఇది సాక్ష్యాలు ఒకదానితో ఒకటి పొసగనప్పుడు. చినగంజాం దగ్గర మోటుపల్లి ఉంది కదా, ఇప్పుడు బాపట్ల జిల్లా, నా చిన్నప్పుడు ఒంగోలు వైపే. అక్కడ కాకతి గణపతిదేవుడు 1244-45లో వేయించిన అభయ శాసనం ఉంది. తుఫానుకు దెబ్బతిని ఒడ్డుకు కొట్టుకొచ్చిన ఓడల సరుకంతా పూర్వపు రాజులు లాక్కునేవారు, మేం న్యాయంగా రావాల్సిన సుంకం తప్ప మిగతాది ముట్టుకోం అని విదేశీ వర్తకులకు మాటిచ్చాడు. సుంకం 30వ వంతు. గంధం, కర్పూరం, పన్నీరు, ఏనుగు దంతాలు, పట్టు, పగడాలు, మిరియాలు, ఒక్కోదానికి ఎంతో రాయి మీదే ఉంది.

మార్కోపోలో కూడా ఈ రేవు పేరుతోనే ఈ రాజ్యాన్ని వర్ణించాడు. వజ్రాల గురించి, సాలెగూడంత సన్నటి బట్టల గురించి చెప్పి, భర్త పోయాక ఒక రాణి ఈ దేశాన్ని 40 ఏళ్లుగా న్యాయంగా ఏలుతోందన్నాడు. రుద్రమదేవి మీద కార్యక్రమం అంటే చాలు, ఈ మాట తప్పకుండా పడుతుంది. శాసనాలు చూస్తే రుద్రమదేవి గణపతిదేవుడి కూతురు, భార్య కాదు. పైగా నల్గొండ జిల్లా చందుపట్ల శాసనం ప్రకారం 1289 నాటికే ఆమె చనిపోయింది. మార్కోపోలో చైనా నుంచి తిరుగుప్రయాణంలో ఈ తీరం దాటింది ఆ తర్వాతే. అంటే ఆయన రేవుల్లో విన్న కబురు చెప్పాడు, కళ్లతో చూసింది కాదు. అలాగని పక్కన పడేయాల్సిన పని లేదు. ఒక ఆడమనిషి పాలన గురించి సముద్రం మీద తిరిగే వర్తకులు ఆమె పోయాక కూడా చెప్పుకుంటున్నారంటే అదే ఒక పెద్ద విషయం. ఇరవై నాలుగు నిమిషాల ఎపిసోడ్‌కు అది సరిపోతుంది.

ఇరవై నాలుగు ఎందుకన్నానంటే, గంటకు 12 నిమిషాల వరకు యాడ్స్ వేసుకోవచ్చని రూలు. అరగంట స్లాటులో మనకు మిగిలేది అంతే. వాయిస్ ఓవర్ తెలుగులో నిమిషానికి వంద మాటలకు అటూ ఇటూగా నడుస్తుంది. సంగీతం, విజువల్స్, వేరేవాళ్ల బైట్లు పోగా నీకు దక్కేది మహా అయితే వెయ్యి మాటలు, అంటే రెండున్నర పేజీలు. థీసిస్ రాసినట్టు రాస్తే అందులో పీఠిక కూడా పట్టదు. ఒక ఎపిసోడ్‌కు ఒక్క ప్రశ్న పెట్టుకో, జవాబు దొరికేదాకా నడిపించు.

ఉదయగిరినే తీసుకో. శ్రీకృష్ణదేవరాయలు గజపతుల నుంచి ఆ కోటను పట్టుకోవడానికి ఏడాదికి పైగా ముట్టడి చేసి 1514లో గెలిచాడు. అక్కడి బాలకృష్ణుడి విగ్రహాన్ని తీసుకెళ్లి హంపిలో గుడి కట్టించి 1515లో ప్రతిష్ఠ చేశాడు. ఆ సంగతి హంపి శాసనంలోనే ఉంది. విగ్రహం ఇప్పుడు చెన్నై మ్యూజియంలో ఉంది. కోట, హంపి, చెన్నై, మూడు చోట్లు, ఒకే ప్రశ్న: గెలిచిన రాజు దేవుణ్ణి వెంట ఎందుకు తీసుకెళ్లాడు? యుద్ధానికి గ్రాఫిక్స్ ఏనుగులు అక్కర్లేదు. కొండ ఎక్కుతూ, ఆయాసపడుతూ, ఇంత ఎత్తుకు సైన్యం ఎలా ఎక్కిందో నీ అలసటతోనే చూపించొచ్చు.

షూటింగ్ గురించి కొన్ని మాటలు, ఇవి ఏ కోర్సులోనూ సరిగా చెప్పరు. శాసనాన్ని మధ్యాహ్నం ఎండలో తీయనివ్వకు. నడినెత్తిన సూర్యుడున్నప్పుడు రాయి అంతా ఒకే తెలుపు, అక్షరం కనపడదు. పొద్దున్నే గానీ సాయంత్రం గానీ ఎండ వాలుగా పడుతుంటే గాడిలో నీడ నిలిచి అక్షరాలు పైకి తేలతాయి. గుడి మండపం లోపలైతే టార్చిని ఎదురుగా కాకుండా రాయికి ఆనించినంత పక్కగా పట్టుకోవాలి. అప్పటిదాకా ఉత్త గీతల్లా ఉన్నవి చూస్తుండగానే "స్వస్తి శ్రీ" అని చదవడానికి వస్తాయి. ఆ మార్పును ఒకే షాట్‌లో, కట్ లేకుండా తీయించు. నాకు తెలిసి చరిత్ర కార్యక్రమంలో అంతకంటే గొప్ప విజువల్ లేదు. అక్షరాలు బాగా కనపడాలని సుద్దముక్కతో దిద్దడం, సున్నం పూయడం, నూనె రాయడం కెమెరామన్ అడిగినా ఒప్పుకోవద్దు. ఇప్పటికే మన ఊళ్లలో జాతరకు గుడికి రంగులేస్తూ శాసనాలకు కూడా రంగేసేస్తున్నారు, పక్కనే నిలబడి చెప్పి ఆపించాల్సినవాళ్లం మనం. సముద్రం ఒడ్డున తీస్తే కాలర్ మైకుకు బొచ్చు తొడుగు పెట్టించు, లేకపోతే గాలి మోత తప్ప నీ మాట వినపడదు. ఆర్కియాలజీ వాళ్ల కింద ఉన్న కట్టడాలకు ముందే రాతపూర్వకంగా పర్మిషన్ తీసుకోవాలి, గుళ్లకు దేవాదాయ శాఖ ఈవోను అడగాలి. ఊళ్లోకి వెళ్లగానే ముందు పూజారినో, స్కూలు టీచరునో, పంచాయతీ ఆఫీసులో ఎవరినో పలకరించు. ఆడపిల్లవి, కెమెరా పట్టుకుని పొలాల్లో తిరుగుతుంటే పదిమంది పదిరకాలుగా అనుకుంటారు. ఊరి మనిషి ఒకరు తోడుంటే ఆ టెన్షన్ ఉండదు.

నిధుల జోలికి మాత్రం వెళ్లకు. "ఈ కోటలో అంతుచిక్కని రహస్యం", "రాజుల సంపద ఎక్కడ?" అని టైటిల్ పెడదామంటారు, వ్యూస్ కూడా వస్తాయి. అవి చూసి గడ్డపారలు పట్టుకుని కొండలెక్కేవాళ్లు మన మెట్ట ప్రాంతంలో ఉన్నారు. నందిని పెకలించి దాని కింద తవ్విన గుంటలు, పగలగొట్టిన పానవట్టాలు నేను స్వయంగా చూశాను. 1878 నాటి నిధుల చట్టం ప్రకారం భూమిలో దొరికినదాని విలువ పది రూపాయలు దాటితే కలెక్టరుకు చెప్పి తీరాలి. ఎవరు చెబుతున్నారు? అలాంటి టైటిల్ పెడతామంటే నీ పేరు తీసేయమను. ఎంత డబ్బిచ్చినా సరే.

వీరుల కథలు చెప్పేటప్పుడు మావాళ్లను తక్కువ చేశావని కులం గొడవ కూడా వస్తుంది, ముందే తెలుసుకో. నెల్లూరు మనుమసిద్ధి రాజుకూ కాటమరాజుకూ పుల్లరి (పశువుల మేతకు కట్టే పన్ను) దగ్గర వచ్చిన తగాదా, మనుమసిద్ధి సేనాని ఖడ్గతిక్కన యుద్ధం, ఇవన్నీ కొమ్మువాళ్లు పాడే కథలో ఉన్నాయి. ఓడి ఇంటికొచ్చిన ఖడ్గతిక్కనకు భార్య స్నానానికి మంచం అడ్డుపెట్టి పసుపుముద్ద ఉంచిందన్న ఘట్టం చాటుపద్యాల్లో ఉంది. గొప్ప కథ, తప్పకుండా చెప్పు. కొమ్మువాళ్ల పాటను వాళ్ల నోటితోనే రికార్డు చెయ్యి. పాడేవాళ్లు తగ్గిపోతున్నారు. కానీ ఇది పాటలో ఉన్నది, ఇది శాసనంలో ఉన్నది అని విడివిడిగా చెప్పాలి. ఒక ఛానెల్ వాళ్లు నా బైట్ తీసుకున్నప్పుడు "ఇది చాటుపద్యం చెప్పే మాట, సమకాలీన సాక్ష్యం కాదు" అని చివర్లో స్పష్టంగా చెప్పాను. ఎడిటింగ్‌లో ఆ ఒక్క వాక్యం ఎగిరిపోయి, కథంతా నేను చరిత్రగా చెప్పినట్టు ప్రసారమైంది. ఫోన్ చేసి అడిగితే టైం సరిపోలేదన్నారు. అప్పటి నుంచి నేను ఆధారాన్ని వాక్యం మధ్యలో ఇరికిస్తాను. "కొమ్మువాళ్లు పాడే కథలో ఖడ్గతిక్కన ఇలా అంటాడు" అని చెబితే ఎవరూ దాన్ని కత్తిరించలేరు. నువ్వూ ఈ పద్ధతి అలవాటు చేసుకో.

తారీఖులు నువ్వే చూసుకోవాలి, రీసెర్చ్ టీమ్ మీద వదిలేయకు. పొట్టి శ్రీరాములు గారి దీక్ష 1952 అక్టోబరు 19 నుంచి డిసెంబరు 15 వరకు, వేళ్లమీద లెక్కేసినా 58 రోజులు వస్తుంది. దాని ఫలితంగా వచ్చింది 1953 అక్టోబరు 1 నాటి ఆంధ్ర రాష్ట్రం. 1956 నవంబరు 1న వచ్చిన ఆంధ్రప్రదేశ్ వేరు. ఏటా నవంబరులో ఈ రెండింటినీ కలిపేసి చెబుతూనే ఉంటారు. అదే కార్యక్రమంలో ఆయన 1946లో నెల్లూరు మూలాపేట వేణుగోపాలస్వామి గుడిలోకి దళితులను రానివ్వాలని నిరాహారదీక్ష చేసిన సంగతి చెప్పేవాళ్లు ఎంతమంది? ఆయన పేరు పెట్టుకున్న జిల్లాలోనే చాలామందికి తెలియదు.

ఎక్కడ మొదలుపెట్టాలన్నావు. కందుకూరులోనే మొదలుపెట్టు. మైకేల్ వుడ్ 2010లో ఇంగ్లండు చరిత్ర మొత్తాన్ని కిబ్‌వర్త్ అనే ఒక్క ఊరి మీదుగా చెప్పాడు. ఊరివాళ్ల పెరళ్లలో వాళ్లచేతే గుంటలు తవ్వించి, దొరికిన కుండపెంకులతో ఏ కాలంలో ఊరు ఎంత ఉండేదో చూపించాడు. మనం తవ్వకూడదు, పర్మిషన్ లేనిదే నేరం. అయితే మనకు శాసనాలు ఉన్నాయి. 1905లో బటర్‌వర్త్, వేణుగోపాల్ చెట్టి కలిసి నెల్లూరు జిల్లా శాసనాలను మూడు సంపుటాలుగా అచ్చువేశారు. తాలూకాల వారీగా ఉంటాయి, కందుకూరు, కనిగిరి, పొదిలి, దర్శి, ఒంగోలు అన్నీ అందులోనే. స్కాన్ కాపీలు ఇంటర్నెట్‌లో ఉచితంగా దొరుకుతాయి. ఆ పాఠాల్లో తప్పులు లేకపోలేదు కాబట్టి రాయి దగ్గరికి వెళ్లి పోల్చి చూసుకోవాలి. ఆ పోల్చుకోవడంలోనే పాత లిపి వచ్చేస్తుంది. నెల్లూరుకు దక్షిణాన చాలా శాసనాలు తమిళంలో ఉంటాయి, తమిళ అక్షరాలు కూడా నేర్చుకో.

ఒంగోలు జిల్లా ఏర్పడింది 1970లో, ప్రకాశం పేరు పెట్టింది 1972లో. అంతకుముందు మీ తాలూకా కాగితాలన్నీ నెల్లూరు జిల్లా పేరుతోనే ఉంటాయి. ఆ సంగతి తెలియక చాలామంది వెతికి దొరకలేదని తిరిగొస్తారు. కంపెనీ కాలం నాటి రికార్డులు చెన్నై ఎగ్మోరులోని తమిళనాడు ఆర్కైవ్స్‌లో ఉన్నాయి. కంపెనీ సర్వేయరు కల్నల్ మెకంజీ కోసం కావలి బొర్రయ్య, లక్ష్మయ్య సోదరులు, వాళ్ల మనుషులు ఊరూరా తిరిగి కరణాల దగ్గర రాయించిన కైఫీయతులు, అంటే ఊళ్ల చరిత్రలు, కూడా చెన్నైలోనే, ప్రాచ్య లిఖిత గ్రంథాలయంలో చూడొచ్చు. నెల్లూరులో పొద్దున రైలెక్కితే లైబ్రరీ తెరిచే వేళకు అక్కడుంటావు.

ఈమధ్య చరిత్ర మీద పని చేయాలనిపిస్తే నెల్లూరు జిల్లాలోనే దూబగుంట ఉంది. 1992లో అక్షరాస్యత తరగతుల్లో పాఠాలు చదువుకున్న ఆడవాళ్లు సారా దుకాణాలు మూయించారు, 1993 అక్టోబరు 1న రాష్ట్రమంతా సారా నిషేధం వచ్చింది. ఆ ఉద్యమంలో ఉన్నవాళ్లు ఇప్పుడు పెద్దవాళ్లయిపోయారు. ఒక మగ ప్రొఫెసరుకు చెప్పని మాటలు నీకు చెబుతారు. ఫోను, కాలర్ మైకు చాలు, వాళ్ల అనుమతి అడిగి, పేరు, ఊరు, తేదీ రాసుకుని రికార్డు చెయ్యి. ఇది ఏ ఛానెల్ కోసమూ ఆగాల్సిన పని కాదు.

ఛానెళ్లకు బయోడేటా పంపితే ఎవరూ చూడరు. ఒక పేజీ కాన్సెప్ట్ నోట్, మూడు నిమిషాల వీడియో పంపు. వీడియోలో నువ్వు ఒక శాసనం చదువుతూ ఉండాలి, ఒక ప్రశ్న అడిగి జవాబు చెప్పాలి. ఆకాశవాణి ప్రసంగాలకు కూడా రాసి పంపు. ఇచ్చిన నిమిషాల్లో ముగించడం అక్కడ నేర్చుకున్నంత బాగా ఇంకెక్కడా నేర్చుకోలేం. సొంత యూట్యూబ్ ఛానెల్ పెట్టుకోవచ్చు, నేను వద్దనను. వారానికో వీడియో అని మాత్రం పెట్టుకోవద్దు. అంత వేగంగా ఎవరూ మూలాలు చదవలేరు, మూడో నెలకల్లా పక్కవాళ్ల వీడియోలు చూసి చెప్పడం మొదలవుతుంది.

ఇక ఇంట్లో మాట. గ్రూప్స్ కోచింగ్‌కు ఏళ్లు పోస్తే ఈ పని సాగదు, అది నాన్నగారికి నెమ్మదిగా చెప్పు. బీఈడీకి నేను అడ్డుచెప్పను, టీచరుగా ఉంటూ ఊరి చరిత్ర మీద గొప్పగా పనిచేసినవాళ్లు మన జిల్లాల్లో ఉన్నారు. అయినా నా సలహా మాత్రం ముందు నెట్. ఏడాదికి రెండుసార్లు ఉంటుంది, ఒకటి రెండు ప్రయత్నాలకు టైం ఇమ్మని అడుగు. ఈలోగా బటర్‌వర్త్ సంపుటంలో కందుకూరు తాలూకా భాగం తీసి, ఇప్పటికీ ఊళ్లో ఉన్న రాళ్లు ఏవో, కనపడకుండా పోయినవి ఏవో జాబితా రాయి. రాళ్ల ఫోటోలు వాలు ఎండలో తీసి ఇక్కడ పెడితే, చదవడంలో చిక్కుపడ్డ చోట నేను చూసి చెబుతాను.